రియలిజం ఒక్కటి చదివితే సరిపోతుందా?

మీ ప్రశ్న నాకు అర్థమైంది ఇదీ. గుంటూరులో పొలిటికల్ సైన్స్ ఎంఏ చేస్తూ సివిల్స్‌కి చదువుతున్నారు. ఉక్రెయిన్, గాజా చూశాక బలమున్నవాడిదే రాజ్యమన్న రియలిస్టుల మాట ఒక్కటే నిజమనిపిస్తోంది. మరి వ్యాపారం, ఒప్పందాలు దేశాలను కలుపుతాయనే లిబరలిజం, దేశాల నడతను వాటి భావనలు, గుర్తింపులు తీర్చిదిద్దుతాయనే కన్‌స్ట్రక్టివిజం చదవడం దేనికి? హాబ్స్, కాంట్, కౌటిల్యుడు లాంటి తత్వవేత్తలు ఒక పేపర్లో, అంతర్జాతీయ సంబంధాల సిద్ధాంతాలు ఇంకో పేపర్లో ఉంటే రెండింటికీ సంబంధమేమిటి? బెజవాడ, గుంటూరుల మధ్యే పొలిటికల్ సైన్స్ పాఠాలు చెప్పుకుంటూ వచ్చినవాణ్ని కాబట్టి ఈ సందేహం నాకు బాగా పరిచయం. కొంచెం వివరంగానే రాస్తాను.

ముందు నా అభిప్రాయం చెప్పేస్తాను. రియలిజం కూడా ఒక తత్వమే. మనిషి ఎలాంటివాడు, రాజ్యం ఎందుకు పుట్టింది, పైన అధికారి లేనిచోట ఏం జరుగుతుంది అనే ప్రశ్నలకు అది ఒక జవాబు ఇస్తుంది. మిగతా సిద్ధాంతాలు అవే ప్రశ్నలకు వేరే జవాబులు ఇస్తాయి. ఆ ప్రశ్నల దాకా వెళ్లకుండా వార్తలు చూసి రియలిజం గెలిచిందంటే, ఏం గెలిచిందో మనకే తెలియదు. మీ రెండు పేపర్లు నిజానికి ఒకే పేపరు. సిలబస్ కోసం విడదీశారు, అంతే.

రియలిస్టుల మొదటి మెట్టు అనార్కీ. ఈ మాట వినగానే చాలామంది గందరగోళమో అల్లర్లో అనుకుంటారు. దేశాల పైన ఇంకో ప్రభుత్వం లేదనేదే దీని అర్థం. దీన్ని పుస్తకంలో కంటే మన కృష్ణ మీద చూస్తే బాగా తెలుస్తుంది. 2023 నవంబరు 30, తెలంగాణ పోలింగ్ రోజు. ముందు రాత్రే ఆంధ్ర పోలీసులు నాగార్జునసాగర్ డ్యామ్ మీదికి వెళ్లారు. మొత్తం 26 గేట్లలో 13 తమవంటూ మధ్యలో కంచె వేశారు. కుడి కాలువకు నీళ్లు వదిలారు. అవతల తెలంగాణ పోలీసులు. ఒక డ్యామ్ మీద రెండు రాష్ట్రాల పోలీసులు ఎదురెదురుగా నిలబడ్డారు. ఆ వారం క్లాసులో పల్నాడు పిల్లలు చాలా ఆవేశంగా మాట్లాడారు, వాళ్ల పొలాలకు వచ్చే నీళ్లు అవే కాబట్టి. కానీ తర్వాత ఏమైంది? కేంద్ర హోం శాఖ జోక్యం చేసుకుంది, డ్యామ్ దగ్గరికి సీఆర్‌పీఎఫ్ వచ్చింది. వాదనలు కృష్ణా నది యాజమాన్య బోర్డు ముందుకి, నీళ్ల పంపకం తేల్చే ట్రిబ్యునల్ ముందుకి, సుప్రీంకోర్టుకి వెళ్లాయి. నీళ్ల తగవు తీరలేదు, కానీ తుపాకులు పేలే దాకా కూడా పోలేదు. ఎందుకంటే రెండు రాష్ట్రాలకూ పైన ఒకరున్నారు.

ఇప్పుడు సింధు నది దగ్గరికి రండి. 1960లో ప్రపంచ బ్యాంకు మధ్యవర్తిత్వంతో భారత్, పాకిస్థాన్ ఒప్పందం చేసుకున్నాయి. 1965, 1971, 1999లో యుద్ధాలు జరిగినా అది నిలబడింది. పహల్గామ్ దాడి తర్వాత 2025 ఏప్రిల్‌లో భారత్ దాన్ని పక్కన పెడుతున్నట్టు ప్రకటించింది. అక్కడికి ఎవరు సీఆర్‌పీఎఫ్‌ని పంపుతారు? ఎవరూ లేరు. రియలిస్టు చెప్పేది ఇదే. కానీ అదే ఒప్పందం మూడు యుద్ధాల మధ్య ఎలా బతికిందని అడిగితే, రియలిస్టు దగ్గర వెంటనే జవాబు దొరకదు. ఈ రెండో ప్రశ్నను కూడా అడగడం నేర్చుకోవాలి.

ఇక హాబ్స్. అందరూ ఆయన్ని రియలిజానికి పెద్దమనిషిగా చూపిస్తారు. 1651లో వచ్చిన ‘లెవియథాన్’ 13వ అధ్యాయం నోట్సుల్లో కాకుండా మూలంలో చదవండి, నాలుగైదు పేజీలే. పాలకుడు లేని స్థితిలో మనిషి బతుకు ఎంత దుర్భరంగా ఉంటుందో చెప్పాక, అలాంటి స్థితి ఎక్కడుందని అడిగేవాళ్లకు ఆయన రాజులను చూపిస్తాడు. రాజులు ఎప్పుడూ ఒకరి మీద ఒకరు కత్తులు ఎక్కుపెట్టి, సరిహద్దుల్లో కోటలు, ఫిరంగులు, గూఢచారులను పెట్టుకుని నిలబడి ఉంటారంటాడు. కోచింగ్ మెటీరియల్‌లో ఇక్కడితో ఆపేస్తారు. తర్వాతి వాక్యమే అసలైనది. ఆ భంగిమ వల్లే రాజులు తమ ప్రజల పనిపాటలను కాపాడుతున్నారు కాబట్టి, విడి మనుషులకు పట్టే దుర్గతి దేశాల మధ్య అనార్కీలో పట్టదంటాడు.

ఆ ఒక్క వాక్యం ఎంత దూరం వెళ్తుందో చూడండి. మనుషులు భయంతో ఒప్పందం చేసుకుని ఒక పాలకుణ్ని నిలబెట్టుకున్నారు. అదే తర్కంతో దేశాలన్నీ కలిసి ప్రపంచ ప్రభుత్వాన్ని ఎందుకు పెట్టుకోవు? ఆ వాక్యం నుంచి తేలే జవాబు, వాటికి అంత అవసరం లేదు. మనిషి నిద్రపోతే ఎవడైనా చంపేయగలడు, రాజ్యానికి నిద్ర లేదు. అంటే రియలిజానికి పునాది అనుకున్న ఆ పుస్తకంలోనే అనార్కీని ఓర్చుకోవచ్చన్న మాట ఉంది. 1977లో అంతర్జాతీయ సంబంధాల పండితుడు హెడ్లీ బుల్ దేశాల మధ్య అనార్కీ ఉన్నా ఒక సమాజం కూడా ఉందన్నప్పుడు, హాబ్స్ పోలిక దేశాలకు ఎక్కడ సరిపోదో చూపించాడు. పరీక్షలో హాబ్స్ సమానం రియలిజం అని రాసేవాళ్లకీ, ఈ వాక్యం తెలిసి రాసేవాళ్లకీ తేడా పేపరు దిద్దేవాళ్లకు ఇట్టే కనిపిస్తుంది.

రియలిస్టుల్లో వాళ్లలో వాళ్లకే పెద్ద తగాదా ఉందన్న సంగతి కూడా పట్టించుకోండి. 1948లో మోర్గెంథో తన వాదాన్ని మనిషి స్వభావం మీద, అధికార దాహం మీద కట్టాడు. 1979లో కెనెత్ వాల్ట్జ్ ఆ మనిషిని పక్కన పెట్టేశాడు. మనుషులు దేవుళ్లయినా సరే, పైన అధికారి లేకపోతే దేశాలు బలాన్ని సమతూకం చేసుకోక తప్పదన్నాడు. భద్రతకు సరిపడా బలం ఉంటే చాలని ఆయన అంటే, 2001లో మియర్‌షైమర్ ఎంత ఉన్నా చాలదన్నాడు. మరి మీరు ‘రియలిజం ఒక్కటే నిజం’ అంటున్నప్పుడు వీళ్లలో ఎవరు నిజం? మోర్గెంథో, వాల్ట్జ్ ఇద్దరూ వియత్నాం యుద్ధాన్ని వ్యతిరేకించారు. ఇరాక్ యుద్ధాన్ని మియర్‌షైమర్, స్టీఫెన్ వాల్ట్ (వాల్ట్జ్ కాదు, ఇంకో రియలిస్టు) వ్యతిరేకించారు. బలం గురించి మాట్లాడేవాళ్లంతా యుద్ధం కోరుకునేవాళ్లని అనుకుంటే ఈ పేర్లు అర్థం కావు.

వాల్ట్జ్‌దే 1959 నాటి ఇంకో పని మీకు చాలా ఉపయోగపడుతుంది. యుద్ధానికి కారణాన్ని మనిషిలో వెతకొచ్చు, రాజ్యం తీరులో వెతకొచ్చు, దేశాల మధ్య ఉన్న వ్యవస్థలో వెతకొచ్చు అని మూడు అంతస్తులుగా విడగొట్టాడు. ఏ తత్వవేత్తను చదివినా ఈయన కారణాన్ని ఏ అంతస్తులో పెట్టాడని అడగండి. క్లారిటీ దానంతట అదే వస్తుంది.

మీ ప్రశ్నలో ‘బలవంతుడు చేయగలిగింది చేస్తాడు, బలహీనుడు భరించాల్సింది భరిస్తాడు’ అన్న వాక్యం కూడా రాశారు. అది గ్రీకు చరిత్రకారుడు థ్యూసిడిడీస్ సొంత అభిప్రాయం కాదు. క్రీ.పూ. 416లో మెలోస్ అనే చిన్న ద్వీపం లొంగిపోవాలని ఏథెన్స్ దూతలు అన్న మాట అది. మెలోస్ లొంగలేదు. ఏథెన్స్ గెలిచి మగవాళ్లను చంపి, ఆడవాళ్లనూ పిల్లలనూ బానిసలుగా అమ్మేసింది. ఐదో పుస్తకం ఇక్కడ ముగుస్తుంది. ఆరో పుస్తకం తెరిస్తే అదే ఏథెన్స్ సిసిలీ మీదికి దండయాత్రకు బయల్దేరుతూ కనిపిస్తుంది. రెండేళ్లలో ఆ సైన్యం మొత్తం నాశనమైంది. క్రీ.పూ. 404కల్లా ఏథెన్స్ ఓడిపోయింది. ఆ రెండు ఘట్టాలనూ ఆయన పక్కపక్కనే పెట్టాడు. బలం తనను తాను అతిగా నమ్ముకుంటే ఏమవుతుందో ఆ వరసలోనే తెలుస్తుందని నేను చదువుతాను. ఒక వాక్యాన్ని కోసుకుని తెచ్చుకుంటే అందులోని సగం పోతుంది.

ఉక్రెయిన్ సంగతి. ఇక్కడ రియలిస్టుల బలాన్ని నేను మనస్ఫూర్తిగా ఒప్పుకుంటాను. 1994లో బుడాపెస్ట్‌లో రష్యా, అమెరికా, బ్రిటన్ ఇచ్చిన హామీలను నమ్మి ఉక్రెయిన్ తన గడ్డ మీదున్న సోవియట్ అణ్వాయుధాలను వదులుకుంది. అంతకు ముందు ఏడాదే మియర్‌షైమర్ వాటిని వదులుకోవద్దని వ్యాసం రాశాడు. 2014, 2022 తర్వాత ఆ వ్యాసాన్ని మళ్లీ చదివితే కడుపులో కలుక్కుమంటుంది. కానీ ఇదే యుద్ధంలో రియలిజం తడబడే చోట్లు కూడా ఉన్నాయి. రాజధాని కీవ్ కొద్దిరోజుల్లో పడిపోతుందని చాలామంది అనుకున్నారు, పడలేదు. ప్రజలు ఎందుకు అంతగా నిలబడ్డారన్నది ఆయుధాల లెక్కలో దొరకదు. తాము వేరే జాతి అన్న భావన, దాన్ని కాదనే పుతిన్ చరిత్ర వ్యాసాలు, ఇవి లేకుండా ఈ యుద్ధం అర్థం కాదు. ఇది కన్‌స్ట్రక్టివిస్టులు చెప్పే సంగతి.

కన్‌స్ట్రక్టివిస్టుల ఆలోచనా బడి గురించి ఎక్కువ చెప్పను. ఆ బడికి పెద్ద పేరైన అలెగ్జాండర్ వెంట్ 1995లో ఇచ్చిన ఒక్క ఉదాహరణ చాలు. అమెరికాకు బ్రిటన్ దగ్గరున్న 500 అణ్వాయుధాల కంటే ఉత్తర కొరియా దగ్గరున్న 5 ఎక్కువ భయం కలిగిస్తాయి. లెక్క చూస్తే బ్రిటన్‌కే భయపడాలి. ఎవరు ఆప్తులు, ఎవరు కాదు అన్నది ఇనుము తూచి తేల్చే విషయం కాదు కదా.

కాంట్ మీద మీకున్న చులకన భావం పోవాలని గట్టిగా కోరుకుంటున్నాను. 1795 నాటి ‘శాశ్వత శాంతి’ వ్యాసం ఆశావాది కల అని రాసేస్తారు. అది మొదలయ్యేదే ఒక డచ్చి పూటకూళ్ల ఇంటి బోర్డుతో. ఆ బోర్డు మీద శాశ్వత శాంతి అన్న మాట, కింద శ్మశానం బొమ్మ. మనుషులు మంచివాళ్లన్న నమ్మకం ఆయనకు లేదు. తెలివి ఉంటే చాలు, దెయ్యాల జాతి కూడా రాజ్యాన్ని కట్టుకోగలదంటాడు. ఆయన అడిగినవి మూడు: ప్రతి దేశంలో పాలితులకు జవాబు చెప్పే ప్రభుత్వం, స్వతంత్ర దేశాల సమాఖ్య, పరాయివాడు వస్తే శత్రువుగా చూడని ఆతిథ్యం. ప్రపంచం మొత్తానికి ఒకే ప్రభుత్వం అంటే నిరంకుశత్వమే అవుతుందని దాన్ని వద్దన్నాడు కూడా.

మూడో షరతు కింద ఆయన రాసింది గుంటూరువాళ్లు ప్రత్యేకంగా చదవాలి. వర్తక స్థావరాలు పెట్టుకుంటామని వచ్చి, సైన్యాన్ని దించి, హిందుస్థాన్‌లో రాజ్యాల మధ్య యుద్ధాలు, కరువులు, తిరుగుబాట్లు తెచ్చారని యూరప్ వర్తక దేశాలను కాంట్ దుయ్యబట్టాడు. గుంటూరు పేరు ఆయన ఎత్తలేదు. కానీ గుంటూరు సర్కారు (అప్పటి జిల్లా లాంటిది) ఈస్టిండియా కంపెనీ చేతికి వచ్చింది 1788లో, ఆ వ్యాసానికి ఏడేళ్ల ముందు. 1766లో నిజాంతో కుదిరిన ఒప్పందంలో ఉత్తర సర్కార్లు కంపెనీకి వెళ్లాయి. గుంటూరును మాత్రం నిజాం తమ్ముడు బసాలత్ జంగ్ బతికున్నంత కాలం అతనికి ఉంచారు. అతను 1782లో పోయాక కొన్నేళ్లు లాగి, చివరికి తీసుకున్నారు. ఒక వాటాదారుల కంపెనీ ఒక పాలకుడితో సంధి చేసుకుంది. ఆ నేల మీద ఉన్న రైతును ఎవరూ అడగలేదు.

ఇది పాఠ్యపుస్తకాల్లోని చక్కటి బొమ్మలో ఎక్కడ ఇముడుతుంది? 1648లో యూరప్‌లో కుదిరిన వెస్ట్‌ఫేలియా సంధి తర్వాత సార్వభౌమ దేశాలు ఒకదాన్నొకటి సమానంగా గుర్తించాయని చదువుతాం. ఆ సమానత్వం యూరప్ గుమ్మం దాటలేదు. ఉదారవాదానికి పెద్ద పేరైన జాన్ స్టూవర్ట్ మిల్ 1823 నుంచి 1858 దాకా అదే కంపెనీ లండన్ కార్యాలయంలో పనిచేశాడు. నాగరిక దేశాల మధ్య పాటించే నియమాలు అనాగరికులతో వ్యవహారాలకు వర్తించవని 1859లో రాశాడు. కాంట్, మిల్ ఇద్దరూ లిబరల్ వంశవృక్షంలోని వాళ్లే. ఒకరు కంపెనీల దోపిడీని తిట్టారు, ఇంకొకరు దాని ఉద్యోగి. లిబరలిజం మీద మీ కోపం ఎవరి మీదో ముందు తేల్చుకోండి. మన బెజవాడలో ఒక తరం ప్రపంచాన్ని లెనిన్ సామ్రాజ్యవాద విశ్లేషణతో చదివిందంటే కారణం ఈ అనుభవమే. మాస్కోలో అచ్చయిన తెలుగు అనువాదాలు చవగ్గా దొరకడం అందుకు తోడైంది. ఇవాళ పోస్ట్‌కలోనియల్, అంటే వలసపాలన మిగిల్చిన ప్రభావాల మీద, అనే పేరుతో జరిగే చర్చ అప్పటి ప్రశ్నలకు కొనసాగింపే.

వ్యాపారం శాంతిని తెస్తుందన్న లిబరల్ వాదాన్ని మాత్రం జాగ్రత్తగా పట్టుకోవాలి. 2020 జూన్ 15న గల్వాన్‌లో మన సైనికులు 20 మంది చనిపోయారు. నెలాఖరుకి 59 చైనా యాప్‌లు నిషేధించారు. గుంటూరు యార్డు నుంచి తేజ మిర్చి చైనాకు వెళ్లడం మాత్రం ఆగలేదు. 2021లో రెండు దేశాల వ్యాపారం మొదటిసారి 100 బిలియన్ డాలర్లు దాటింది. సైనికులు సరిహద్దులో ఎదురుబొదురుగా ఉన్నారు, వ్యాపారం పెరిగింది. అయితే వ్యాపారం యుద్ధాన్ని ఆపిందనాలా, ఆపలేదనాలా?

1977లో అమెరికా పండితులు కోహేన్, నై ఇద్దరూ దీన్ని ఇంకా నిశితంగా చూశారు. పరస్పరం ఆధారపడటం అంటే సమానంగా ఆధారపడటం కాదన్నారు. చైనా ఆర్డర్లు రెండు వారాలు ఆలస్యమైతే యార్డులో టిక్కీలు (మిర్చి బస్తాలు) పేరుకుపోతాయి, క్వింటా ధర పడిపోతుంది, రైతుకు టెన్షన్. ఇది వెంటనే తగిలే దెబ్బ. ఆ ఆర్డర్లు అసలు రాకుండా పోతే బంగ్లాదేశ్, థాయ్‌లాండ్ లాంటి వేరే కొనుగోలుదారులను పట్టుకోగలమా, కోల్డ్ స్టోరేజీలో ఎంతకాలం పెట్టుకోగలం అన్నది రెండో లెక్క. మార్గం మార్చుకున్నాక కూడా మిగిలే నష్టమే అసలైన బలహీనత. ఎవరికి ఆ నష్టం తక్కువో వాళ్ల చేతిలో బలం ఉంటుంది. మన మందుల కంపెనీలకు కావాల్సిన ముడి రసాయనాల్లో చాలా భాగం చైనా నుంచి వస్తుంది. మిర్చిని, దాన్ని పక్కపక్కన పెట్టి చూడండి. లిబరల్ పరికరంతో మొదలుపెట్టి బలం గురించి రియలిస్టు అడిగే ప్రశ్న దగ్గరికే వచ్చాం. రెండు బడుల మధ్య గోడ మీరు అనుకున్నంత ఎత్తు లేదు.

కౌటిల్యుడి దగ్గర కాస్త ఆగుతాను. మన విద్యార్థులు ఎక్కువ నష్టపోయేది ఇక్కడే. అర్థశాస్త్రం తాళపత్రం 1905లో మైసూరులో శామశాస్త్రి కంటపడింది, 1909లో అచ్చయింది. అప్పటి నుంచి ఆయన్ని ఇండియన్ మాకియవెల్లి అనడం ఒక అలవాటైపోయింది. పొరుగువాడు శత్రువు, వాడి పొరుగువాడు మిత్రుడు అని మండల సిద్ధాంతాన్ని రెండు ముక్కల్లో ముగిస్తారు. ఏడో అధికరణం, అంటే ఏడో భాగం, తెరవండి. పొరుగు రాజుల్లోనే శత్రుభావం ఉన్నవాళ్లు, మిత్రభావం ఉన్నవాళ్లు, భృత్యభావం ఉన్నవాళ్లు అని ఆయన విడదీస్తాడు. అదే అధికరణంలో ఇంకో మాట ఉంది. సంధి వల్ల, విగ్రహం (యుద్ధం) వల్ల ఒకే లాభం వచ్చేటట్టుంటే సంధినే ఎంచుకోవాలి. యుద్ధంలో జన నష్టం, ధన నష్టం, పరాయి చోట పడి ఉండటం, ఇంకా అనేక కీడులు ఉన్నాయి కాబట్టి. విదేశీ వ్యవహారాల్లో ఆయన చెప్పిన ఆరు గుణాల షాడ్గుణ్యంలో యుద్ధం ఒక్కటి మాత్రమే. సంధి, ఆసనం (కదలకుండా వేచి ఉండటం), సంశ్రయం (ఇంకొకరి ఆశ్రయం పొందడం) మూడూ దాన్ని తప్పించుకునే లేదా వాయిదా వేసే దారులు.

గెలిచేవాళ్లను కూడా ఆయన మూడు రకాలు చేశాడు. లొంగితే చాలనుకునే ధర్మవిజయి, భూమీ ధనమూ కోరే లోభవిజయి, ప్రాణాలూ పెళ్లాంబిడ్డలూ సహా అన్నీ లాక్కునే అసురవిజయి. ఈ విభజన పట్టుకుని కొండవీడు ఎక్కండి. కృష్ణదేవరాయలు 1515లో ఒడిశా పాలకులైన గజపతుల నుంచి ఆ కోట తీసుకున్నాడు. కృష్ణ దాటి కొండపల్లి పట్టుకున్నాడు, సింహాచలం దాకా వెళ్లి శాసనం వేయించాడు. అంత దూరం గెలిచినవాడు తర్వాత సంధి చేసుకుని, ప్రతాపరుద్ర గజపతి కూతుర్ని పెళ్లాడి, కృష్ణకు ఉత్తరాన గెలిచిందంతా తిరిగి ఇచ్చేశాడు. అంటే గుంటూరు వైపు ఉంచుకుని, బెజవాడ వైపు వదిలేశాడు.

ఎందుకు? రియలిస్టు అంటాడు: వెనక బీజాపూర్ ఉంది, కౌటిల్యుడి భాషలో పార్ష్ణిగ్రాహుడు, అంటే వెనక నుంచి దెబ్బతీసే శత్రువు. అంత ఉత్తరాన సైన్యాన్ని నిలబెట్టుకుంటే ఆ వైపు బలం తగ్గిపోతుంది. 1520లో ఆ బీజాపూర్‌తోనే రాయచూరు యుద్ధం జరిగింది కూడా. ఇంకొకరంటారు: ధర్మవిజయి రాజ్యాలను పీకేయడు, లొంగదీసి మళ్లీ నిలబెడతాడు. అప్పటి రాజులకు ఘనత అంటే అదే, కాబట్టి అలాగే ప్రవర్తించాడు. ఇంకో జవాబు: పెళ్లి సంబంధం, నదిని హద్దు చేసుకోవడం, రెండూ కలిసి మాట నిలబడే ఏర్పాటు. నాకు మొదటి జవాబు బలంగా కనిపిస్తుంది. కానీ ఆ ఒక్కదానితో ఆపేస్తే, తూర్పు తీరంలో గెలిచి తిరిగి ఇచ్చిన పని రాయలకు అవమానంగా కాకుండా కీర్తిగా ఎందుకు మిగిలిందో చెప్పలేను.

న్యాయం సంగతి మీరు అసలు ఎత్తలేదు. అమెరికా తత్వవేత్త జాన్ రాల్స్ 1999లో దేశాల మధ్య న్యాయం గురించి రాస్తూ, పేద దేశాలకు సహాయం చేసే బాధ్యత ఉందన్నాడు కానీ దేశాల మధ్య సంపద పంపకం దాకా వెళ్లలేదు. బైట్జ్, పోగ్గీ లాంటివాళ్లు వ్యతిరేకించింది దాన్నే. పుట్టిన ఊరు ఎవరి చేతుల్లోనూ లేనప్పుడు, సరిహద్దు దగ్గర న్యాయం ఎందుకు ఆగిపోవాలి? వాతావరణ మార్పు మీద ప్రశ్న వస్తే ఈ చర్చ లేకుండా జవాబు నిలబడదు.

ఇక చదివే పద్ధతి. కోచింగ్ మెటీరియల్ తర్వాత చూసుకోవచ్చు. ముందు హాబ్స్ 13వ అధ్యాయం, థ్యూసిడిడీస్‌లో ఐదో పుస్తకం చివర, ఆరో పుస్తకం మొదలు, కాంట్ వ్యాసం పూర్తిగా, అర్థశాస్త్రంలో ఆరు, ఏడు అధికరణాలు. ఆ తర్వాత వాల్ట్జ్, కోహేన్, వెంట్ దగ్గరికి వస్తే వాళ్లు ఎవరితో వాదిస్తున్నారో తెలుస్తుంది. జవాబు రాసేటప్పుడు ‘రియలిస్టుల ప్రకారం, లిబరల్స్ ప్రకారం’ అని పేరాలు పేర్చకండి. ఒక సంఘటన తీసుకుని, ఒక సిద్ధాంతం దాన్ని ఎంతవరకు వివరిస్తుందో రాసి, అది ఆగిపోయిన చోట రెండోదాన్ని తీసుకురండి. ఏది మీకు బలంగా కనిపించిందో కూడా రాయండి. అభిప్రాయం ఉంటే మార్కులు పోతాయని భయపడతారు, కారణం చూపిస్తే పోవు.

ఒక ప్రశ్నతో మొదలుపెట్టండి. 2022 మార్చి 2న ఐక్యరాజ్యసమితి సర్వసభ్య సభలో రష్యా దాడిని ఖండించే తీర్మానానికి 141 దేశాలు అనుకూలంగా, 5 వ్యతిరేకంగా ఓటేశాయి. 35 దూరంగా ఉన్నాయి, అందులో భారత్ ఒకటి. రష్యా ఆయుధాల మీద మన సైన్యం ఆధారపడటం, సోవియట్ యూనియన్‌తో 1971 ఒప్పందం జ్ఞాపకం, అలీన విధానం అలవాటు, అంతర్జాతీయ శాంతిని పెంచాలనే మన రాజ్యాంగం 51వ అధికరణం, ఇవన్నీ ముందు పెట్టుకుని మన దేశం ఎందుకు అలా చేసిందో, అలా చేయడం సరైనదా అన్నది రెండు పేజీల్లో రాయండి. రెండు ప్రశ్నలకూ విడివిడిగా జవాబు ఉండాలి. రాసి పంపితే చదివి చెప్తాను.